పదింతలు దాటితే

మామగారి చేతికి సాయంత్రం టీ గ్లాసు అందిందంటే ఆయన నోటివెంట వచ్చే మాట ఒకటే.

"ఏమంటోందమ్మా మబ్బు?"

"ఉలుకూ పలుకూ లేదు మామయ్యా."

కోడలు ఆ జవాబు చెప్పులు విప్పుతూ చెప్పేది, సంచి కొక్కేనికి తగిలిస్తూ చెప్పేది, ఒక్కోసారి గుమ్మం బయటే ఉండి చెప్పేది. ఆయన తలూపి టీ ఊదుకునేవారు. ఊరుకోనిది వంటింట్లో ఉన్న అత్తగారు.

"నోరు విప్పని దాంతో ఇన్నేళ్ళు కాపురం చేశారు మీ మామయ్య. నేను పొద్దస్తమానం మాట్లాడుతూనే ఉన్నాను, ఒక్క మాట చెవికెక్కదు."

"నువ్వు ఆగితే కదే, ఎక్కడానికి సందు దొరికేది."

ఈ మబ్బు వాన మబ్బు కాదు. అక్కణ్ణుంచి వెలుగు బయల్దేరితే మన దగ్గరికి చేరడానికి వేల ఏళ్ళు పడుతుంది. అంత దూరాన, నక్షత్రాల నడుమ, ధూళీ వాయువూ కలిసి కుప్పబడి ఉన్న మబ్బు. దాని కడుపులో ఒక నక్షత్రం పుడుతోంది. ధూళి దట్టంగా ఉండడంతో మామూలు దుర్భిణికి ఆ బిడ్డ కనబడదు. కానీ బిడ్డ చుట్టూ మిథైల్ ఆల్కహాలు ఆవిరి ఉంది. కల్తీ సారాలో కలిసి జనం కళ్ళు పోగొట్టేది ఆ సరుకే. ఈ సంగతి మొదటిసారి విన్ననాడు అత్తగారు బుగ్గలు నొక్కుకుంది.

"పోలీసులకి భయపడి ఆకాశంలో పెట్టారా బట్టీ?"

ఆ ఆవిరే కేకలు వేస్తుంది. పసి నక్షత్రం సెగకి ఆవిరి రేణువులు ఒంట్లో బలం నింపుకుని, మాట గొంతుదాకా తెచ్చుకుని కూచుంటాయి. ఎటునుంచో ఒక సన్నని రేడియో అల వాటిని రాసుకుంటూ పోతుంది. తగిలిన ప్రతి రేణువూ సరిగ్గా అదే శ్రుతిలో తన గొంతూ కలుపుతుంది. బారుగా నిలబడ్డ జనంలో ఒకడు "హో" అంటే పక్కవాడు "హో" అన్నట్టు, బారు చివరికి పోయేసరికి ఆ గుసగుస కాస్తా పెడబొబ్బ అవుతుంది. దాని పేరు మేసర్. లేజరుకి అక్కగారు, చెల్లెలు వెలుగుతో చేసే పని అక్క రేడియోతో చేస్తుంది. మనుషులు తీగలూ పెట్టెలూ బిగించి తయారు చెయ్యకముందు నుంచే ఆకాశం దాన్ని ఊరికే చేసుకుంటోంది. కాకపోతే ఆ కేక బారు ఎటు చూస్తుంటే అటే పోతుంది. ఎదురుగా ఉన్నవాడికి చెవులు చిల్లులు పడతాయి, పక్కనున్నవాడికి చీమ చిటుక్కుమన్నట్టు కూడా ఉండదు.

మామగారి మబ్బులో అలాంటి బారులు కొన్ని ఉన్నాయి, నక్షత్రానికి ఒక్కోటి ఒక్కో దూరంలో. వస్తున్న బస్సు హారనూ పోతున్న బస్సు హారనూ ఒకలా వినిపించవు కదా, అలాగే ఒక్కో బారు శ్రుతి వెంట్రుకవాసి తేడాగా ఉండి, తెర మీద ఒక్కో గీతగా లేస్తుంది. ఆ తేడాని బట్టి ఏ బారు ఏ వేగంతో తిరుగుతోందో, బిడ్డ బరువెంతో లెక్క తేల్చవచ్చు. కంటికి కనబడని నక్షత్రానికి నాడి పట్టుకుని చూడడం లాంటిది.

మామగారు జీవితమంతా పట్టుకుని వేలాడిన మాట ఒకటుంది. పసి నక్షత్రం పాలు తాగినట్టు గుటకలు గుటకలుగా పెరగదు, ముద్దలు ముద్దలుగా మింగి పెరుగుతుంది అని. ముద్ద పడ్డప్పుడు దాని ఒళ్ళు ఒక్కసారిగా కాలుతుంది, ఆ సెగ బయటికి పాకుతుంది. అప్పుడు దగ్గరి బారు ముందు పొంగుతుంది, తర్వాత దాని అవతలిది, ఆ తర్వాత ఆఖరిది. వీధిలో దీపాలు ఒకదాని తర్వాత ఒకటి వెలిగినట్టు. ఏది ముందు వెలిగింది, రెండోది ఎంత ఆలస్యమైంది అని చూస్తే ముద్ద ఎంతదో చెప్పేయవచ్చు. కానీ పొంగు ఎక్కేటప్పుడే పట్టుకోవాలి. దిగేటప్పుడు చూస్తే అన్ని దీపాలూ వెలిగి ఉంటాయి, వరస తెలియదు.

"పాలు పొయ్యిమీద పెట్టి కూచున్నట్టేనమ్మా," అనేవారు ఆయన. "కన్ను తిప్పావో, పొంగి పొయ్యి ఆరిపోతుంది."

ఊరి చివర గుట్ట పక్కన రేడియో దుర్భిణి ఉంది. తెల్లటి పెద్ద గిన్నె. ఊళ్ళో అందరూ దాన్ని మూకుడు అంటారు. కోడలు అక్కడికి మామగారి దగ్గర చదువుకోడానికి వచ్చి, ఆయన కొడుకుని పెళ్ళి చేసుకుని, ఆయన రిటైరయ్యాక ఆయన కుర్చీలోనే కూచుంది. "గురువుగారే మామగారైతే ఇంక పాఠం ఎగ్గొట్టే దారి లేదు" అని మొగుడు నవ్వుతుండేవాడు. అతను ఆస్పత్రిలో నర్సు. నలుగురూ మూకుడి ఎదురుగా ఉన్న క్వార్టర్సులో ఉంటారు. ఉదయం గోడలా నిలబడే మూకుడు, మబ్బు దిగిపోయే వేళకి క్వార్టర్సు మీదికి వంగి, ఇంట్లో ఎవరేం వండుకుంటున్నారో చూస్తున్నట్టు ఉంటుంది.

ఆమె రాకముందు జరిగిన సంగతి ఒకటుంది, ఇంట్లో ఎవరూ ఎత్తరు. ఒక మధ్యాహ్నం మబ్బు గీత ఉన్నట్టుండి తెర పైఅంచుకి లేచింది. మామగారు అందరూ చేసే పరీక్షే చేశారు. మూకుడు పక్కకి తిప్పారు, గీత పోయింది. మళ్ళీ మబ్బు వైపు తిప్పారు, లేచింది. ఇంకేం కావాలి? పొంగిందహో అని ప్రపంచానికి చాటారు. నాలుగు దేశాల్లో పెద్ద పెద్ద దుర్భిణులు చేస్తున్న పని వదిలేసి అటు తిరిగాయి. అక్కడ ఏమీ లేదు. క్వార్టర్సు అవతలి మైదానంలో ఫుట్‌బాల్ పోటీలు జరుగుతుంటే, చూపించడానికి వచ్చిన టీవీ బండి వాడు తీగలు సరిచూసుకుంటూ ఒక సన్నని రేడియో ఈల పంపించాడు. మబ్బు దిగే దిక్కూ, ఆ మైదానం ఉన్న దిక్కూ ఒకటే. అంతే.

ఆ తర్వాత ఏ సభలో ఆయన మాట్లాడ్డానికి లేచినా వెనక వరసలోంచి ఎవడో ఒకడు "గోల్!" అని అరిచేవాడు. ఆయనా నవ్వేవారు.

"నవ్వి ఇంటికొచ్చి గోడవైపు తిరిగి పడుకునేవారు," అని అత్తగారు ఒకసారి గొంతు తగ్గించి చెప్పింది.

తర్వాత ఊరు పెరిగింది. ఇంటింటికీ గాల్లో ఇంటర్నెట్టు పంచే పెట్టెలు వచ్చాయి. కొత్త పెట్టెలు వాడే అలలు మబ్బు శ్రుతికి ఆనుకునే ఉంటాయి. తెర మీద మబ్బు గీతల చుట్టూ ముళ్ళకంచె లేచింది. కంటితో ఏరి పారేయడం మనిషివల్ల అయ్యే పని కాదు. కోడలు ఒక జల్లెడ రాయడానికి కూచుంది. కంప్యూటరే ప్రతిరోజూ చెత్త తీసేసి, శుభ్రమైన గీత చేతికిస్తుంది. ఆఫీసులో ఆమెకి జల్లెడమ్మ అని పేరు పడింది.

జల్లెడ కన్ను ఎంత ఉండాలన్నది భోజనాల బల్ల దగ్గర తేలింది.

"ఒక్క రోజులో పదింతలు దాటి లేచిందా, అది మబ్బు పని కాదు, మనిషి పని," అన్నారు మామగారు. "పారెయ్. పంటికింద రాయి పడ్డాక ఏడ్చి లాభం లేదు. పారేసిన చోట ఖాళీ ఉంచకు, లెక్క చెడుతుంది. ముందురోజు గీతనే అక్కడ అతికించు."

"నిజంగానే పదింతలు పొంగితేనో మామయ్యా?"

"ఏ పసిబిడ్డా ఒక్కసారిగా పదింతలు ఏడవదమ్మా. మొదట ముక్కుతుంది, తర్వాత మూలుగుతుంది, ఆ తర్వాత రాగం."

అత్తగారు గరిటె గిన్నెలో పెట్టి ఆయన వైపు చూసింది. "ఆహా! ఒక్కనాడైనా పిల్లాణ్ణి ఎత్తుకున్నవారు చెప్పాలి ఆ ముక్క."

అందరూ నవ్వారు. కోడలు ఆయన చెప్పింది చెప్పినట్టు రాసింది.

*

ఆ ఉదయం ఫోను చేసింది ఆవలి ఒడ్డు ఆవిడ. సముద్రాలకి అవతల ఇంకో దేశంలో, ఇంకో దుర్భిణి దగ్గర పనిచేస్తుంది. ఏడాదికి రెండుసార్లు పలకరించుకునే స్నేహం. ఈసారి పలకరింపు లేదు.

"మీ మబ్బు పొంగింది చూశావుగా?" అంది.

ఆవిడ చెప్పుకుపోతోంది. వాళ్ళ దగ్గర అలలు పట్టే రేడియో గ్రాహకం ఒకటి రిపేరుకి వెళ్ళి వచ్చిందట. పనిచేస్తోందో లేదో చూద్దామని, తెలిసిన దిక్కు కదా అని, ఈ మబ్బు వైపు తిప్పారట. దగ్గరి రెండు బారులూ భగభగ మండుతున్నాయట. కాకపోతే అప్పటికే దిగుముఖం పట్టాయి.

"మాకు తోకే దొరికింది. రోజూ చూసేది ప్రపంచంలో మీరొక్కరే కదా, ఎక్కిన వరస మీ దగ్గర ఉంటుంది. అది పంపించు. మీ పెద్దాయన పేరు ముందు పెట్టి రాద్దాం. ఆయనకి చెప్పావా? గంతులేస్తున్నారా?"

"చూసి చెబుతాను," అని కోడలు ఫోను పెట్టేసింది.

తెర మీద నిన్నటి గీత తెరిచింది. తెలిసిన ముఖమే: దగ్గరి బారు, దాని పక్కన రెండోది, వేలెడెత్తు. మొన్నటిది తెరిచింది. అదే ఎత్తు. అటుమొన్నటిది, దాని ముందుది. అవే గీతలు, అంతే ఎత్తు. ఇంకా వెనక్కి పోయింది. ఒకదాని మీద ఒకటి పెట్టి చూసింది. అచ్చు గుద్దినట్టున్నాయి. ఆవగింజంత తేడా కూడా లేదు. ఆకాశంలో ఏ వస్తువూ రెండు రోజులు ఒక్కలా ఉండదు. గాలో తేమో మూకుడు వణుకో, ఏదో ఒకటి గీతని కాస్త కదుపుతుంది. ఇంత ఒక్కలా ఉన్నాయంటే ఇవి ఆకాశం పంపినవి కావు.

జల్లెడ అతికించినవి.

మబ్బు ఒక్కరోజులో పదింతలు దాటి పొంగింది. జల్లెడ దాన్ని మనిషి చెత్త అనుకుని పారేసి, ముందురోజు గీత అతికించింది. మర్నాడు మళ్ళీ కొలిచింది. దేనితో? తాను అతికించిన గీతతో. దానికంటే ఇదీ పదింతలే. ఇదీ పారేసింది. మళ్ళీ అతికించింది. అలా వారాల తరబడి మబ్బు గొంతు చించుకుని అరుస్తుంటే, జల్లెడ ప్రతిరోజూ ఆ నోరు మూసి, పాత ఫోటో ఒకటి ఆమె చేతిలో పెట్టింది. ఆమె అది చూసి ఇంటికెళ్ళి, ఉలుకూ పలుకూ లేదు మామయ్యా అని చెప్పింది.

జల్లెడ పట్టని ముడి సరుకు డిస్కుల మీద ఉండాలి. ఆమె మెట్లు దిగి డిస్కుల గదికి పరిగెత్తింది. ఆ గది కాపరి ఏడాది పొడుగునా స్వెట్టరు వేసుకునే ఉంటాడు. గదిలో చలి ఆయన కోసం కాదు, యంత్రాల కోసం.

"ముడి సరుకు కావాలి, పోయిన నెలది."

ఆయన ఆమెని జాలిగా చూశాడు. "పోయిన నెలదా? పోయిన వారందే లేదండి. నిండగానే పాతదాని మీద కొత్తది రాసేస్తుంది కదండీ. ఇంకో డిస్కుల బీరువా కావాలని నేనడిగితే, జల్లెడ పట్టాక పొట్టు దాచుకోవడం ఎందుకని మీ మీటింగులోనే కదా అన్నారు."

ఆ మాట అన్న జల్లెడమ్మ ఎవరో ఇద్దరికీ తెలుసు. ఆయన పెద్దమనిషి, పేరెత్తలేదు.

"చెరిగిపోయింది ఏ విధంగానూ..."

"ముగ్గు మీద ముగ్గు వేశాక కింది ముగ్గు ఎక్కడ తీస్తామండీ? నాలుగు రోజులది ఉంది, పట్టుకెళ్ళండి."

నాలుగు రోజుల్లో దొరికింది కూడా తోకే. ఆవలి ఒడ్డు ఆవిడ దగ్గరున్నదాని కంటే పొట్టి తోక.

డైరెక్టరుకి చెప్పింది. ఆయన కళ్ళజోడు తీసి తుడిచి, "చూద్దాం" అన్నారు. ఆ భవనంలో చూద్దాం అంటే చూసేది లేదని అర్థం. అయినా ఆయన మాత్రం ఏం చూస్తారు? వేల ఏళ్ళ కిందట బయల్దేరిన కేక. వేల ఏళ్ళు నడిచి, సరిగ్గా ఈ గుట్ట పక్కకి వచ్చి, మూకుడులో పడి, తీగల్లో పాకి, ఆమె గదిదాకా చేరింది. గదిదాకా చేరినదాన్ని గుమ్మంలోంచి గెంటేసిన పాపం ఎవరిదంటే ఎవరేం చెబుతారు. ఇప్పుడది భూమి దాటి వెళ్ళిపోతూ ఉంటుంది. వెంటబడి పట్టుకునే వాహనం ఏ దేశానికీ లేదు.

*

ఆ సాయంత్రం ఆమె ఇంటికి చుట్టుదారిన వెళ్ళింది. దారి పొడుగునా మాటలు కూర్చుకుంది. మెల్లగా చెబుదామా, ఒక్కసారి చెప్పేద్దామా. రేపు చెబుదామా. ఆవలి ఒడ్డు వాళ్ళు కనిపెట్టారు, మనం ఆ రోజుల్లో మూకుడికి రంగు వేయిస్తున్నాం అని అబద్ధమాడదామా. మూకుడు కిటికీలోంచి కనబడుతూనే ఉంటుంది, ఆయన కళ్ళింకా బాగానే ఉన్నాయి.

మామగారు వరండాలో కూచుని బఠాణీలు ఒలుస్తున్నారు. అత్తగారు టీ తెచ్చి గ్లాసు అందించింది.

"ఏమంటోందమ్మా మబ్బు?"

కోడలు చెప్పులు విప్పకుండానే నిలబడింది.

"పొంగింది మామయ్యా."

ఆయన ఒళ్ళోని బఠాణీలన్నీ నేలపాలయ్యాయి. లేచి నిలబడ్డారు. "ఎప్పుడు? ఏది ముందు? దగ్గరిదేనా? రెండోది ఎంత వెనక వచ్చింది? ఒసే, నా చెప్పులేవే? అది కాదే, ఆఫీసు చెప్పులు!"

"రిటైరైనవారికి ఆఫీసు చెప్పులెక్కడివి?" అంటూనే అత్తగారు లోపలికి పరిగెత్తి, ఒక కాలిది ఆయనదీ ఒక కాలిది కొడుకుదీ పట్టుకొచ్చింది. ఆయన చూసుకోకుండా తొడుక్కున్నారు.

"మామయ్యా, కూచోండి."

"కూచోవడమేమిటి, నడు!"

"ఎక్కిన వరస మన దగ్గర లేదు."

"అంటే? మూకుడు తిరగలేదా?"

"తిరిగింది. అంతా విన్నది. జల్లెడ పారేసింది."

ఆయన వరండా స్తంభం పట్టుకున్నారు. ఎలా పారేసిందో ఆమె చెప్పలేదు, చెప్పక్కర్లేకపోయింది. ఆయన కనురెప్పలు రెండుసార్లు ఆడాయి, అంతే. అతికించిన గీతతో మర్నాటిని కొలవడం దాకా ఆయన మనసు ఆమెకంటే ముందే వెళ్ళిపోయింది.

అత్తగారికి సగమే అర్థమయింది. "ఎవరు పెట్టమన్నారే ఆ దిక్కుమాలిన జల్లెడ?"

"నేనే అత్తయ్యా. నేనే రాశాను."

"రాసింది నువ్వు," అన్నారు మామగారు. "పదింతలు దాటితే పారెయ్యమన్నది నేను. ఆ కుర్చీలో కూచుని అన్నాను. ఖాళీ ఉంచకు, ముందురోజుది అతికించమన్నది కూడా నేనే." ఆయన మెల్లగా కూచున్నారు. "తాడుని చూసి పాము పామని అరిచానొకసారి. మళ్ళీ అరవకూడదని ఒట్టు పెట్టుకున్నాను. నిజం పాము వచ్చి పడగ విప్పి ఆడి వెళ్ళిపోయింది."

ఆ మాట తనదేనని ఆయన మరచిపోయి ఉంటారని ఆమె దారంతా ఆశపడింది. ఆ ఆశ కూడా పోయింది. తిట్టినా బాగుండేది. ఆయన వంగి బఠాణీలు ఒక్కొక్కటే ఏరి గిన్నెలో వెయ్యసాగారు. ఆమె కూడా వంగింది. అత్తగారు ఏదో అనబోయి, మొదటిసారి ఏమీ అనకుండా చల్లారిన టీ తీసుకుని లోపలికి వెళ్ళింది.

*

మర్నాడు మధ్యాహ్నం ఆయన తనంతట తనే బయల్దేరారు. మళ్ళీ ఆ తేడా చెప్పులే. కోడలు వెనకే నడిచింది.

గదిలో తన పాత కుర్చీలో కూచోలేదు, పక్కన స్టూలు లాక్కున్నారు. ఆమె జల్లెడ ఆపేసి ముడి గీత తెర మీద పెట్టింది. పైనుంచి కిందిదాకా ముళ్ళు. ఊళ్ళో ప్రతి ఇంటి పెట్టె, ప్రతి దుకాణం పెట్టె, బస్టాండులో పెట్టె, అన్నీ ఒకేసారి మాట్లాడుతున్నాయి. ఆ ముళ్ళ మధ్య దగ్గరి బారూ రెండో బారూ ఇంకా ఎత్తుగానే ఉన్నాయి, కానీ నిన్నటికంటే ఇవాళ తక్కువ.

"ఒకప్పుడు ఇదంతా చదును నేలలా ఉండేది," అన్నారాయన. "ఒక్క గడ్డిపోచ లేచినా తెలిసేది." వేలు చాపి తెర కుడి అంచు దగ్గర ఆపారు. "ఆఖరి బారు ఇక్కడ రావాలి. అన్నిటికంటే దూరం, పొంగితే తప్ప కనబడదు. సెగ అక్కడిదాకా పాకడానికి ఇంకా టైముందేమో. అది ఇప్పుడు లేస్తే..."

ఆమె తెర దగ్గరికి వంగింది. నిజమే. మొదటి రెండూ ఎప్పుడు లేచాయో పోయింది. మూడోది ఇంకా లేవకుండా ఉంటే, అది లేచే రోజైనా చేతికి చిక్కుతుంది. వరసలో ఆఖరి దీపం. దాన్నిబట్టి వెనక్కి కొంత లెక్క కట్టవచ్చు. ఇంటి కప్పు కాలిపోయాక దూలం ఒకటి మిగిలినట్టే, అయినా దూలం దూలమే.

మబ్బు దిగుతోంది. దానితోపాటు మూకుడు క్వార్టర్సు మీదికి వంగుతోంది. చూస్తుండగానే ఆయన వేలు పెట్టిన చోట సన్నని గీత ఒకటి లేచింది.

గీత నిలబడింది. కాసేపటికి ఇంకొంచెం పెరిగింది.

"మూకుడు పక్కకి తిప్పు," అన్నారాయన.

తిప్పింది. గీత పోయింది. మళ్ళీ మబ్బు వైపు తెచ్చింది. లేచింది.

"మామయ్యా! అదే. సరిగ్గా అక్కడే." ఆమె చెయ్యి అప్పుడే ఫోను మీద ఉంది. "ఆవలి ఒడ్డుకి చెబుతాను. ఇప్పుడు చెబితే అన్ని దుర్భిణులూ..."

"ఆగు."

ఆయన చాలాసేపు చూశారు. ఆ చూపులో ఆశ ఎంతో భయం ఎంతో ఆమెకి తెలియలేదు.

"అప్పుడూ ఇలాగే పోయి, ఇలాగే వచ్చింది," అన్నారు. "రోజులు గడిస్తే తెలుస్తుంది. భూమి నడకకి మబ్బు గీత కొంచెం కొంచెం జరుగుతుంది, మనిషి గీత జరగదు. కానీ అన్ని రోజులు ఆగితే ఎక్కేది ఎక్కిపోతుంది. ఇంటికి ఫోను చెయ్. మీ ఆయన పోయిన నెల ఏదో కొత్త పెట్టె పెట్టించాడు కదా. దాని తీగ పీకెయ్యమను మీ అత్తని."

"మనింట్లోదా? పెట్టె గీత అంత సన్నగా ఉండదు కదా..."

"పీకమను."

మూకుడి దగ్గర సెల్‌ఫోన్లు పనికిరావు. గోడకున్న ఫోను తీసి ఇంటికి చేసింది. అత్తగారు ఎత్తింది.

"అత్తయ్యా, ఇంటర్నెట్టు పెట్టె తీగ ఒకసారి పీకండి."

"ఇప్పుడా? చెల్లెలితో మాట్లాడుతున్నానే, ముఖం కనబడేలా! దాని కోడలి సంగతి సరిగ్గా సగంలో ఉంది."

"ఒక్క నిమిషం అత్తయ్యా. మామయ్య పీకమంటున్నారు."

"ఈయన రిటైరయ్యి కూడా నా నోరు మూయించడానికి ఆఫీసుదాకా వెళ్ళారా! పెద్ద తీగా చిన్న తీగా?"

"ఏదైనా సరే."

ఫోనులో అడుగుల చప్పుడు. కుర్చీ జరిగిన చప్పుడు. "ఇదిగో, పీకాను," అన్న మాట దూరం నుంచి వినిపించింది.

తెర కుడి అంచున గీత కూచుండిపోయింది.

"మళ్ళీ పెట్టమను," అన్నారు మామగారు.

పెట్టింది. పెట్టె కళ్ళు తెరిచేదాకా కాసేపు పట్టింది. తర్వాత గీత లేచింది, అదే చోట, అదే ఎత్తు.

"ఏమైందే? వచ్చిందా మీ మబ్బు?" అత్తగారు ఫోనులో అడుగుతోంది. కోడలు తెరవైపు చూస్తూ ఫోను పట్టుకుని నిలబడింది. మామగారు లేచి ఆమె చేతిలోంచి తీసుకున్నారు.

"రాలేదే. ఈసారి టీవీ బండి మనింట్లోనే ఉంది," అన్నారు. "నువ్వు మాట్లాడుకో మీ చెల్లెలితో. ఆ కోడలేం చేసిందో కనుక్కో."

నవ్వబోయారు. నవ్వు సగందాకా వచ్చి ఆగింది. స్టూలు మీద కూచుని తెరవైపు చూస్తూ ఉండిపోయారు. మబ్బు దిగిపోయింది. మూకుడు తన ముఖం మెల్లగా ఆకాశం వైపు ఎత్తుకుంది.

*

ఆవలి ఒడ్డు వాళ్ళు తోకతోనే రాసి అచ్చువేశారు. పొంగినట్టు రాశారు. ముద్ద మింగడంవల్ల కావచ్చు, మరొకటి కావచ్చు, ఎక్కిన వరస దొరకలేదు గనక చెప్పలేం అని రాశారు. మామగారి పాత మాటని ఒక వాక్యంలో తలుచుకున్నారు. ఆయన ఆ వాక్యం చదివి కాయితం మడిచి బల్ల మీద పెట్టి, దాని మీద టీ గ్లాసు పెట్టుకున్నారు.

ఇంట్లో పెట్టె తీసేశారు. అత్తగారు క్వార్టర్సులో ఇల్లిల్లూ తిరిగి, మబ్బు దిగేవేళకి కాసేపు మీ పెట్టెలు ఆపండమ్మా అని బతిమాలింది. ఇద్దరు ముగ్గురు ఆపారు. ఒకావిడ, "ఎన్నాళ్ళు?" అని అడిగింది. "మబ్బు మళ్ళీ పొంగేదాకా," అంది అత్తగారు. "అదెప్పుడు?" అంటే ఏం చెబుతుంది? మళ్ళీ ముద్ద పడడానికి ఏళ్ళు పట్టవచ్చు, మనుషుల తరాలే పట్టవచ్చు. పడ్డా అప్పటికి బారులు ఇటు చూస్తుంటాయన్న పూచీ లేదు. ఊరు మాత్రం గుట్ట అవతలికి కూడా పాకుతోంది.

కోడలు జల్లెడ వాడడం మానేసింది. రోజంతా ముళ్ళు ఏరుతుంది. ఏది మబ్బుదో ఏది మనిషిదో కళ్ళు లాగేదాకా చూస్తుంది. దగ్గరి బారు రోజురోజుకీ దిగుతోంది. ఆఖరి బారు లేచిందో లేదో తెలియదు. అక్కడ ఇప్పుడు ఇంకెవరిదో పెట్టె మాట్లాడుతోంది.

ఆ సంగతి జరిగాక మామగారు చాలా రోజులు అడగడం మానేశారు. టీ తాగి గ్లాసు కింద పెట్టేసేవారు. ఒకరోజు, గ్లాసు చేతికి రాగానే, అలవాటు ఊరుకోలేక కాబోలు, అడిగేశారు.

"ఏమంటోందమ్మా మబ్బు?"

కోడలు కొక్కేనికి తగిలించబోతున్న సంచి చేతిలోనే పట్టుకుని నిలబడింది. ఉలుకూ పలుకూ లేదు అనడానికి నోరు రాలేదు.

"ఏదో అంటూనే ఉంది మామయ్యా. ఏ మాట దానిదో తెలియడం లేదు."

ఆయన తలూపి టీ ఊదుకున్నారు. కిటికీలోంచి మూకుడు ఇంటి మీదికి వంగి చూస్తోంది.